లార్డ్ అంటే ఏ లార్డు? బ్రిటిష్ బిరుదును బట్టి హోదా తేల్చుకోవడం ఎలా

గ్రూప్స్ పరీక్షలకు చదివేవాళ్లు, అనువాదాలు చేసేవాళ్లు, పత్రికల్లో దిద్దుబాటు పని చేసేవాళ్లు తిప్పి తిప్పి అడిగే ప్రశ్న ఒకటుంది. మౌంట్‌బాటెన్‌ను ఒక పుస్తకం వైకౌంట్ అంటుంది, ఇంకొకటి ఎర్ల్ అంటుంది, అన్నీ కలిసి లార్డ్ అంటాయి. ఏది నిజం? మూడూ నిజమే. ఏది ఎప్పుడు నిజమో తేల్చుకోవడం ఎలాగో కింద వరసగా చెబుతున్నాను. మనకు బాగా తెలిసిన గవర్నర్ జనరళ్లు, వైస్రాయిలు, మద్రాసు గవర్నర్లనే ఉదాహరణలుగా తీసుకున్నాను. బ్రిటిష్ పద్ధతి పట్టుబడితే మిగతా యూరప్ సంగతి చివర్లో కొద్దిగా చూస్తే చాలు.

కావలసినవి

- ఆ మనిషి పూర్తి పేరు, ఇంగ్లిషులో అచ్చయిన రూపంలో. తెలుగు పాఠ్యపుస్తకాల్లో కుదించి రాసిన పేరుతో పని జరగదు.
- మీరు చదువుతున్న సంఘటన జరిగిన సంవత్సరం. వీలైతే నెల కూడా.
- ఆయన తండ్రి ఎవరో తెలిపే ఒక్క వాక్యం. సగం చిక్కులు అక్కడే విడిపోతాయి.
- ఈ వరస, పైనుంచి కిందికి: డ్యూక్, మార్క్వెస్, ఎర్ల్, వైకౌంట్, బారన్. ఈ అయిదు మెట్ల మీద ఉన్నవాళ్లే పీర్లు. వీటి కింద బారొనెట్, ఆ కింద నైట్. ఈ రెండు రకాలవాళ్లూ పీర్లు కారు, పేరు ముందు ‘సర్’ పెట్టుకుంటారు.

చరిత్ర ఈ మాత్రం గుర్తుంటే చాలు. అయిదింటిలోనూ పాతది ఎర్ల్, నార్మన్లు ఇంగ్లండుకు రాకముందు నుంచే ఉంది. మూడో ఎడ్వర్డ్ 1337లో తన పెద్దకొడుకును కార్న్‌వాల్ డ్యూకుగా చేయడంతో ఇంగ్లండులో డ్యూక్ హోదా మొదలైంది. మార్క్వెస్ 1385లో, వైకౌంట్ 1440లో వచ్చాయి. బారొనెట్ హోదాను 1611లో మొదటి జేమ్స్, ఐర్లండులో సైన్యం ఖర్చులకు డబ్బు రాబట్టుకోవడానికి పుట్టించాడు. అమ్మకానికి పెట్టాడనడం తప్పేమీ కాదు.

1. ‘లార్డ్’ను హోదాగా లెక్కపెట్టకండి

డ్యూక్ తప్ప మిగతా నాలుగు మెట్ల మీదివాళ్లనూ మామూలు వ్యవహారంలో లార్డ్ అనే పిలుస్తారు. 1781లో అమెరికాలో యార్క్‌టౌన్ దగ్గర లొంగిపోయిన సైన్యానికి అధిపతి లార్డ్ కారన్‌వాలీస్. అప్పటికి ఆయన ఎర్ల్. 1793లో బెంగాలులో శాశ్వత శిస్తు నిర్ణయం చేసినదీ లార్డ్ కారన్‌వాలీసే. ఈ మధ్యలో, 1792లో, ఆయన మార్క్వెస్ అయ్యాడు. పిలుపు మాత్రం మారలేదు.

డ్యూకును లార్డ్ అనకూడదు. ఆర్థర్ వెల్లెస్లీ 1809లో వైకౌంట్ వెల్లింగ్టన్ అయ్యాడు, 1812లో ఒకే ఏడాదిలో ఎర్ల్, మార్క్వెస్ రెండూ అయ్యాడు, 1814లో డ్యూక్ అయ్యాడు. కాబట్టి 1809–1814 మధ్య సంఘటనలకు ‘లార్డ్ వెల్లింగ్టన్’ సరిపోతుంది. 1815లో వాటర్లూ దగ్గర నెపోలియన్‌ను ఓడించినది డ్యూక్ ఆఫ్ వెల్లింగ్టన్. ఇక 1803లో దక్కనులో అస్సాయే యుద్ధం గెలిచింది మేజర్ జనరల్ ఆర్థర్ వెల్లెస్లీ. అక్కడ ‘వెల్లింగ్టన్’ అని రాస్తే, ఇంకా పుట్టని పేరును రాసినట్టే.

2. లార్డ్ తరవాత ఉన్నది బిరుదు పేరా, సొంత పేరా చూడండి

అన్నిటికన్నా ఎక్కువగా ఉపయోగపడేది ఈ పరీక్షే. ‘లార్డ్ కానింగ్’ అన్నప్పుడు లార్డ్ వెనకే బిరుదు వచ్చింది, కాబట్టి ఆయన పీర్ (పెద్దకొడుకుల మినహాయింపు ఆరో అంశంలో చూడండి). ‘లార్డ్ విలియం బెంటింక్’ అన్నప్పుడు లార్డ్ వెనక సొంత పేరు వచ్చింది. అంటే ఆయన డ్యూకుకో మార్క్వెస్‌కో చిన్నకొడుకు. మర్యాద కోసం లార్డ్ అంటారే తప్ప ఆయనకు పీరేజీ, అంటే పీర్ హోదా, లేదు.

బెంటింక్ మూడో పోర్ట్‌లండ్ డ్యూకుకు రెండో కొడుకు. 1803 నుంచి 1807 దాకా మద్రాసు గవర్నరు. వేలూరు సిపాయిల తిరుగుబాటు (1806) ఆయన హయాంలోనే జరిగింది. తరవాత గవర్నర్ జనరలై 1829లో సతీసహగమనాన్ని నిషేధించాడు. ఇంత చేసినా ఆయన ఏ మెట్టు మీదా లేడు. స్వదేశానికి వెళ్లాక గ్లాస్గో నుంచి బ్రిటిష్ పార్లమెంటు దిగువ సభ అయిన కామన్స్ సభకు ఎన్నికయ్యాడు. మన పాఠ్యపుస్తకాలు తరతరాలుగా ‘లార్డ్ బెంటింక్’ అనే రాస్తున్నాయి. అది తప్పు. కుదించాలంటే ‘లార్డ్ విలియం’ అనాలి, లేదా వట్టి బెంటింక్ అనాలి.

విన్‌స్టన్ చర్చిల్ తండ్రి లార్డ్ రాండల్ఫ్ చర్చిల్ కూడా ఇలాంటివాడే, ఏడో మార్ల్‌బరో డ్యూకుకు చిన్నకొడుకు. ఈ మర్యాద ఒక తరంతో సరి. అందుకే విన్‌స్టన్‌కు పుట్టుకతో ఏ బిరుదూ రాలేదు. ‘సర్’ 1953లో వచ్చింది, తన సొంత సంపాదన.

3. సంవత్సరాన్ని బిగించండి

మౌంట్‌బాటెన్ కథ ఇక్కడ విడమరచి చూద్దాం. 1900లో పుట్టినప్పుడు ఆయన బాటెన్‌బర్గ్ రాకుమారుడు ప్రిన్స్ లూయీ. మొదటి ప్రపంచయుద్ధంలో జర్మన్ బిరుదులంటే బ్రిటిష్ ప్రజలకు ఒళ్లు మండింది. 1917లో ఆయన తండ్రి వాటిని వదిలేసుకుని మిల్ఫర్డ్ హేవెన్ మార్క్వెస్ అయ్యాడు. మార్క్వెస్ చిన్నకొడుకు కాబట్టి ఈయన లార్డ్ లూయీ మౌంట్‌బాటెన్ అయ్యాడు. పైన రెండో అంశంలో చెప్పిన మర్యాద లార్డే ఇది, పీరేజీ కాదు. 1946లో బర్మా మౌంట్‌బాటెన్ వైకౌంట్ అయ్యాడు. 1947 మార్చిలో ఢిల్లీలో వైస్రాయిగా ప్రమాణం చేసింది వైకౌంటే. ఎర్ల్ బిరుదు పత్రం తేదీ 1947 అక్టోబరు. ఇక మీ పుస్తకంలో ఏ నెల గురించి ఉందో చూసుకోండి, జవాబు దొరుకుతుంది.

సంవత్సరం చూడకపోతే జరిగే పొరపాట్లు, ఎక్కువగా కనబడేవి:

- ప్లాసీ యుద్ధంలో (1757) ‘లార్డ్ క్లైవ్’ లేడు, కల్నల్ క్లైవ్ ఉన్నాడు. బారన్ అయింది 1762లో. 1765లో మొగలు పాదుషా దగ్గర ఉత్తర సర్కారుల ఫర్మానా తీసుకున్నది మాత్రం లార్డ్ క్లైవే.
- జాన్ లారెన్స్ వైస్రాయిగా ఉన్నంత కాలమూ (1864–1869) సర్ జాన్. పదవి దిగాకే బారన్.
- దత్తమండలాల్లో కలెక్టరుగా తిరిగినప్పుడు (1800–1807) మన్రో సర్ కాదు. నైట్ అయింది 1819లో, బారొనెట్ అయింది 1825లో. 1827లో పత్తికొండలో కలరాతో కన్నుమూసింది సర్ థామస్ మన్రో, బారొనెట్.
- ధవళేశ్వరం ఆనకట్ట కడుతున్నప్పుడు కాటన్‌కు ‘సర్’ లేదు. అది 1861లో వచ్చింది. మన జనానికి ఆయన ఎప్పుడూ కాటన్ దొరే అనుకోండి.

4. అంకె చూడండి

‘10వ డల్హౌసీ ఎర్ల్, 1వ డల్హౌసీ మార్క్వెస్’ అని ఉంటే కంగారుపడకండి. ఎర్ల్ తండ్రి నుంచి వచ్చింది. మార్క్వెస్ ఆయనే 1849లో, పంజాబును కలిపేసుకున్నందుకు, సంపాదించుకున్నాడు. అంకె 1 అయితే సొంతం, అంతకు మించితే వారసత్వం.

ఒకే బిరుదుతో ఇద్దరుంటే అంకె లేనిదే గతి లేదు. 1807–1813 మధ్య గవర్నర్ జనరల్ లార్డ్ మింటో వేరు. 1905–1910 మధ్య వైస్రాయి లార్డ్ మింటో, అంటే మింటో–మార్లే సంస్కరణల మింటో, ఆయన మునిమనవడు. ఎల్గిన్లు ఇద్దరూ వైస్రాయిలే, తండ్రీ కొడుకులు. 1798లో మద్రాసు గవర్నరైన ‘లార్డ్ క్లైవ్’ను చూసి ప్లాసీ క్లైవ్ అనుకునేవాళ్లున్నారు. రాబర్ట్ క్లైవ్ 1774లోనే పోయాడు. ఈయన కొడుకు ఎడ్వర్డ్.

జాగ్రత్త: వారన్ హేస్టింగ్స్, లార్డ్ హేస్టింగ్స్ తండ్రీ కొడుకులు కారు. మొదటివాడికి పీరేజీ లేదు. రెండోవాడు 1813లో లార్డ్ మొయిరాగా కలకత్తాలో దిగి, నేపాల్ యుద్ధం తరవాత హేస్టింగ్స్ మార్క్వెస్ అయ్యాడు. పరీక్షల్లో మార్కులు పోయేది ఇక్కడే.

5. ఇంటిపేరును, బిరుదును కలపకండి

డల్హౌసీ ఇంటిపేరు రామ్సే. రిపన్ ఇంటిపేరు రాబిన్సన్. లిన్‌లిత్‌గో ఇంటిపేరు హోప్. కర్జన్, కానింగ్, వేవెల్ మాత్రం ఇంటిపేరునే బిరుదు చేసుకున్నారు. రూపంలో చిన్న గుర్తు ఉంది: డ్యూక్ బిరుదుకు ‘ఆఫ్’ తప్పదు. మార్క్వెస్‌లకూ ఎర్ల్‌లకూ ఊరి పేరైతే ‘ఆఫ్’ వస్తుంది (ఎర్ల్ ఆఫ్ మేయో), ఇంటిపేరైతే రాదు (ఎర్ల్ కానింగ్). వైకౌంట్, బారన్‌లకు సాధారణంగా హోదా వెంటనే ‘ఆఫ్’ ఉండదు.

ఇది ఎందుకు పట్టించుకోవాలంటే, అన్నదమ్ములే వేరువేరు వంశాలవాళ్లలా కనబడతారు. 1872లో అండమానులో హత్యకు గురైన వైస్రాయి లార్డ్ మేయో, మద్రాసు గవర్నరు లార్డ్ కన్నెమరా (1886–1890) సొంత అన్నదమ్ములు. ఇంటిపేరు బర్క్. అన్న తండ్రి బిరుదు అందుకున్నాడు. తమ్ముడు రాబర్ట్ బర్క్‌గా మద్రాసు వచ్చి 1887లో బారన్ కన్నెమరా అయ్యాడు. తెలుగు పరిశోధకులు రోజులకు రోజులు గడిపే చెన్నై కన్నెమరా గ్రంథాలయానికి ఆయన పేరే పెట్టారు.

దీనికి తిరగబడ్డ చిక్కు ఇంకా ఘాటుగా ఉంటుంది: ఒకే మనిషి రెండు పేర్లతో ఇద్దరిలా కనబడటం. 1931లో గాంధీజీతో ఒప్పందం చేసుకున్న లార్డ్ ఇర్విన్, 1938లో బ్రిటన్ విదేశాంగమంత్రి అయిన లార్డ్ హాలిఫాక్స్ ఒక్కరే. ఎడ్వర్డ్ వుడ్ 1925లో బారన్ ఇర్విన్ అయ్యాడు. 1934లో తండ్రి పోతే మూడో వైకౌంట్ హాలిఫాక్స్ అయ్యాడు. పెద్ద బిరుదు వస్తే చిన్నది దాని కిందికి పోతుంది, పిలుపు మారుతుంది. మీ విషయసూచికలో వీళ్లిద్దరూ వేరువేరు చోట్ల ఉంటే కలిపేయండి.

6. ఆయన ఏ సభలో కూర్చున్నాడో చూడండి

1999 దాకా పీర్ అంటే ప్రభువుల సభలో, అంటే పార్లమెంటు ఎగువ సభలో, ఉండేవాడు. ఆ కాలంలో లార్డ్ అనిపించుకుంటూ కామన్స్‌లో ఉన్నాడంటే మూడే దారులు. ఒకటి, బెంటింక్‌లాగా చిన్నకొడుకు. రెండు, పెద్దకొడుకు. డ్యూక్, మార్క్వెస్, ఎర్ల్‌ల పెద్దకొడుకులు తండ్రికున్న చిన్న బిరుదుల్లో ఒకదాన్ని మర్యాదకు వాడుకుంటారు. 1773 రెగ్యులేటింగ్ చట్టం తెచ్చిన ప్రధాని లార్డ్ నార్త్ ఇలాంటివాడు. తండ్రి గిల్‌ఫర్డ్ ఎర్ల్ బతికే ఉన్నాడు కాబట్టి ఆయన ప్రధానిగా ఉన్నంతకాలం కామన్స్ సభ్యుడే. మూడు, ఐరిష్ పీరేజీ. కర్జన్ 1898లో కావాలనే ఐరిష్ బారన్ అయ్యాడు, ఇండియా నుంచి తిరిగొచ్చాక కామన్స్‌కు వెళ్లే దారి మూసుకుపోకుండా.

ఐరిష్ బిరుదుకు విలువ కొంచెం తక్కువ. శ్రీరంగపట్టణం పతనం తరవాత 1799లో రిచర్డ్ వెల్లెస్లీకి ఐరిష్ మార్క్వెస్ ఇస్తే, ఇది రెండు పూతల బంగారు ఆలుగడ్డ అని ఈసడించాడు. నిజాము చేత సైన్య సహకార ఒప్పందం మీద సంతకం పెట్టించిన మనిషికి అంత ఉక్రోషం.

7. ఆడవాళ్ల పేర్ల దగ్గర రెండింతలు జాగ్రత్త

డ్యూక్ భార్య డచెస్, మార్క్వెస్ భార్య మార్షనెస్, ఎర్ల్ భార్య కౌంటెస్, వైకౌంట్ భార్య వైకౌంటెస్, బారన్ భార్య బారొనెస్. డచెస్ తప్ప మిగతావాళ్లను మామూలుగా ‘లేడీ’ అని, వెనక భర్త బిరుదు పెట్టి పిలుస్తారు: లేడీ కర్జన్. లేడీ వెనక సొంత పేరు రావాలంటే ఆమె డ్యూక్, మార్క్వెస్, ఎర్ల్‌లలో ఒకరి కూతురై ఉండాలి. తండ్రి 1975లో స్పెన్సర్ ఎర్ల్ అయ్యాడు కాబట్టే డయానా ‘లేడీ డయానా’ అయింది.

ఇప్పుడు మన పత్రికలు తెగ వాడే ‘లేడీ ఎడ్వినా’ను పరీక్షించండి. ఎడ్వినా తండ్రి బారన్. బారన్ కూతురికి ఆ మర్యాద లేదు. 1946 దాకా ఆమె ‘లేడీ లూయీ మౌంట్‌బాటెన్’. అవును, భర్త సొంత పేరుతోనే, ఎందుకంటే ఆయన లార్డ్ లూయీ. ఆ తరవాత లేడీ మౌంట్‌బాటెన్. ‘లేడీ ఎడ్వినా’ అన్నది ఏ సంవత్సరంలోనూ సరి కాదు.

8. ‘సర్’ వెనక సొంత పేరే

సర్ ఆర్థర్ కాటన్ అనవచ్చు, సర్ ఆర్థర్ అనవచ్చు. ‘సర్ కాటన్’ అనకూడదు. భార్య మాత్రం లేడీ కాటన్. మన పేర్లలో ఇంటిపేరు ముందుంటుంది కాబట్టి ఇక్కడ కొంచెం తికమక. 1942లో నైట్ అయిన కట్టమంచి రామలింగారెడ్డిని కుదించి పిలవాలంటే సర్ రామలింగారెడ్డి అనాలి, సర్ కట్టమంచి అనకూడదు.

నైటా, బారొనెటా? కొడుక్కి వచ్చిందేమో చూడండి. నైట్ హోదా మనిషితో పోతుంది. బారొనెట్ వారసుడికి వెళ్తుంది. మన్రో బారొనెట్ బిరుదు కొడుక్కి వెళ్లింది.

9. 1958 తరవాతి పేరైతే జీవితకాల పీరేమో చూడండి

1958 చట్టంతో జీవితకాల పీరేజీలు విరివిగా వచ్చాయి. అన్నీ బారన్ హోదాలే, పిల్లలకు వెళ్లవు. హైదరాబాదులో పుట్టి ఉస్మానియాలో చదివిన కరణ్ బిలిమోరియా 2006లో ఇలాగే లార్డ్ బిలిమోరియా అయ్యారు. పీరేజీ పొందిన మొట్టమొదటి భారతీయుడు సత్యేంద్ర ప్రసన్న సిన్హా సంగతి వేరు. 1919లో ఆయనకిచ్చిన బారన్ వారసత్వ బిరుదు, కొడుక్కి వెళ్లింది. ఆయన ‘రాయపూర్’ బెంగాలులోది, ఛత్తీస్‌గఢ్‌ది కాదు.

ఇంకో చిక్కు: 1963 చట్టం ప్రకారం వారసత్వ బిరుదును వదులుకోవచ్చు. ఆ ఏడాదే 14వ హోమ్ ఎర్ల్ తన బిరుదు వదిలేసి, సర్ అలెక్ డగ్లస్-హోమ్‌గా కామన్స్‌కు ఎన్నికై, ప్రధానిగా కొనసాగాడు.

10. యూరప్‌లో మరో దేశమైతే పై సూత్రాలను పక్కన పెట్టండి

బ్రిటన్‌లో ఒక బిరుదుకు ఒక్కడే యజమాని. జర్మన్ ప్రాంతాల్లో అలా కాదు. ‘గ్రాఫ్’ (ఎర్ల్‌కు దీటైన జర్మన్ బిరుదు) పిల్లలందరూ సాధారణంగా గ్రాఫ్‌లూ, ఆడపిల్లలైతే గ్రెఫిన్‌లే. 1919 తరవాత జర్మనీలో బిరుదులు ఇంటిపేరులో భాగంగా మిగిలాయి. ఆస్ట్రియాలో పూర్తిగా నిషేధించారు. ‘ప్రిన్స్’ అన్నంత మాత్రాన రాజు కొడుకని అనుకోకండి. బిస్మార్క్ 1871లో ‘ఫ్యూర్‌స్ట్’ అయితే దాన్ని ఇంగ్లిషులో ప్రిన్స్ అన్నారు. రాజరక్తంతో దానికి సంబంధం లేదు. మొనాకో ప్రిన్స్ ఏలే ప్రభువు. రష్యా గ్రాండ్ డ్యూకులు జారు కుటుంబీకులు. లక్సెంబర్గ్ గ్రాండ్ డ్యూక్ దేశాధినేత.

బ్రిటిష్ రాజకుటుంబం గురించి ఒక్క మాట. పట్టానికి వచ్చే పెద్దకొడుక్కి కార్న్‌వాల్ డ్యూక్ బిరుదు దానంతటదే వస్తుంది. వేల్స్ ప్రిన్స్ బిరుదు రాజు ఇవ్వాలి. 2022 సెప్టెంబరు 8న రాణి ఎలిజబెత్ కన్నుమూయగానే విలియం కార్న్‌వాల్ డ్యూక్ అయ్యాడు. వేల్స్ ప్రిన్స్ అయింది మర్నాడు.

సరిచూసుకోవడం

తేల్చిన జవాబును కనీసం రెండు వైపుల నుంచి తట్టి చూడండి. కొత్త పీరేజీలను ప్రకటించే ప్రభుత్వ పత్రిక లండన్ గెజెట్. దాని పాత సంచికలు ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతాయి. బిరుదు పేరు, సంవత్సరం పెట్టి వెతికితే తేదీ బయటపడుతుంది. గెజెట్ దొరకకపోతే భార్యను ఏమన్నారో, ఏ సభలో ఉన్నాడో, కొడుక్కి ఏం వచ్చిందో చూడండి. మూడూ ఒకే మెట్టును చూపాలి. ఒకటి అడ్డం తిరిగితే మళ్లీ పైన చెప్పిన రెండో అంశం నుంచి రండి, తప్పు సాధారణంగా అక్కడే దొరుకుతుంది.

ఆ కాలపు ఉత్తరాల్లో, ఉత్తర్వుల్లో చివర పెట్టిన సంతకాన్ని కూడా వదలకండి. పీర్లు సంతకంలో వట్టి బిరుదు పేరే రాస్తారు: ‘డల్హౌసీ’, ‘రిపన్’. బెంటింక్ సంతకంలో మాత్రం సొంత పేరు తాలూకు పొడి అక్షరం ముందుంటుంది.

ఇంత చేసినా తేలకపోతే, పీర్ అని మాత్రం తేలిన చోట ‘లార్డ్’ అని బిరుదు పేరు రాసి ఊరుకోండి. అదీ తేలకపోతే పదవి పేరు రాయండి: ‘గవర్నర్ జనరల్ బెంటింక్’, ‘మద్రాసు గవర్నరు మన్రో’.